‘నాలుగు వారాల్లో తేల్చండి’: యూనివర్సిటీల మౌనంపై హైకోర్టులు ఏం చేయగలవు, ఏం చేయలేవు?

పీహెచ్‌డీ థీసిస్ సమర్పించి పద్నాలుగు నెలలైంది. వైవా తేదీ రాలేదు. పరీక్షకుల నివేదికలు వచ్చాయా అని అడిగితే పరీక్షల విభాగం వాళ్లు రిజిస్ట్రార్ ఆఫీసులో కనుక్కోమంటారు. అక్కడికి వెళ్తే ‘ఫైల్ సర్క్యులేషన్‌లో ఉంది’ అంటారు. రెండు వినతిపత్రాలు ఇచ్చారు. రెండింటి మీదా ఇన్‌వార్డ్ ముద్ర పడింది, జవాబు మాత్రం రాలేదు. ఈలోగా అసిస్టెంట్ ప్రొఫెసర్ పోస్టుల నోటిఫికేషన్‌కు దరఖాస్తు గడువు దగ్గరపడుతోంది.

ఇది ఒక ఫలానా వ్యక్తి కథ కాదు. కోర్సు పేరు, యూనివర్సిటీ పేరు మారిస్తే దేశంలో ఏ హైకోర్టు కాజ్ లిస్టులోనైనా కనిపించే కేసు. ఒకరికి ఫలితం ‘విత్‌హెల్డ్’ అని ఆగిపోతుంది, ఎందుకో తెలియదు. మరొకరికి మార్కుల మెమోలో పేరు తప్పు పడుతుంది, ఆ ఒక్క అక్షరం వల్ల వీసా ఆగుతుంది. ఇంకొకరు సీటు వదులుకుని ఫీజు వెనక్కి అడుగుతారు. ఒప్పంద అధ్యాపకుడు ఒకరు తన సీనియారిటీ లెక్క చూడమని ఏళ్ల తరబడి రాస్తూనే ఉంటారు.

వీరంతా చివరకు హైకోర్టుకు వెళ్లినప్పుడు వేసే పిటిషన్లలో ఒక విశేషం ఉంది. ‘నాకు డిగ్రీ ఇప్పించండి’ అని చాలామంది అడగరు. ‘ఫలానా తేదీన నేనిచ్చిన వినతిపత్రాన్ని పట్టించుకోకపోవడం ఏకపక్షం, చట్టవిరుద్ధం అని ప్రకటించండి, నిర్ణీత గడువులో కారణాలతో నిర్ణయం తీసుకోమని ఆదేశించండి’ అని అడుగుతారు. అంటే అడుగుతున్నది గెలుపు కాదు, జవాబు. అవునో కాదో చెప్పమనండి, కాదంటే ఎందుకు కాదో రాయమనండి అన్నదే ప్రార్థన.

మూడు నిమిషాల విచారణ

ఇలాంటి పిటిషన్ తొలిసారి విచారణకు వచ్చినప్పుడు జరిగేది దాదాపు ఒకేలా ఉంటుంది. పిటిషనర్ న్యాయవాది వినతిపత్రం తేదీ చెబుతారు. యూనివర్సిటీ తరఫు స్టాండింగ్ కౌన్సిల్ ‘నోటీసు తీసుకుంటున్నాను, నిర్ణయం తీసుకోవడానికి అభ్యంతరం లేదు’ అంటారు. వివాదం లోతుల్లోకి వెళ్లకుండా, నాలుగు వారాల్లోనో ఎనిమిది వారాల్లోనో చట్టప్రకారం తగిన ఉత్తర్వు ఇవ్వాలని చెప్పి న్యాయమూర్తి పిటిషన్‌ను ముగిస్తారు. కౌంటర్ అఫిడవిట్ ఉండదు, వాదోపవాదాలు ఉండవు. రెండు మూడు పేజీల ఉత్తర్వు. తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ హైకోర్టుల్లో కొద్దికాలం ప్రాక్టీసు చేసిన ఏ న్యాయవాదికైనా ఈ ఉత్తర్వులోని వాక్యాలు కంఠతా వచ్చి ఉంటాయి.

దీనివల్ల కోర్టుకు ఒక కేసు తగ్గుతుంది. యూనివర్సిటీకి తప్పు ఒప్పుకోవాల్సిన పని ఉండదు. పిటిషనర్ చేతికి మాత్రం ఒక తేదీ వస్తుంది. అంతకు ముందు ఆ తేదీ కూడా లేదు కాబట్టి, దీన్ని చిన్న విషయం అని కొట్టిపారేయలేం.

మౌనం వల్ల అసలు నష్టం అక్కడే ఉంది. ‘మీ దరఖాస్తు తిరస్కరించాం’ అని ఉత్తర్వు ఇస్తే దాన్ని సవాలు చేయవచ్చు. నిబంధన తప్పుగా చదివారనో, తన వాదన వినలేదనో, అదే పరిస్థితిలో మరొకరికి ఇచ్చి తనకు ఇవ్వలేదనో వాదించవచ్చు. ఉత్తర్వే లేకపోతే సవాలు చేయడానికి ఏమీ ఉండదు. అప్పీలుకు వెళ్లాలన్నా దేనిమీద వెళ్లాలి? తిరస్కరణ కంటే మౌనమే అధికారికి సురక్షితం. సంతకం పెట్టిన కాగితం లేకపోతే ఎవరూ జవాబుదారీ కారు.

మాండమస్‌కు ముందు ఒక ఉత్తరం

రాజ్యాంగంలోని 226వ అధికరణ హైకోర్టులకు రిట్లు జారీ చేసే అధికారం ఇచ్చింది. సుప్రీంకోర్టుకు 32వ అధికరణ కింద ఉన్న అధికారం ప్రాథమిక హక్కుల అమలుకే పరిమితం. 226 అంతకంటే విశాలం, ‘మరే ఇతర ప్రయోజనం కోసమైనా’ వాడవచ్చు. చట్టం అప్పగించిన పని చేయని అధికారితో ఆ పని చేయించేందుకు ఇచ్చే రిట్ పేరు మాండమస్.

మాండమస్‌కు పాత సూత్రం ఒకటుంది. ముందు అధికారిని అడగాలి, ఆయన కాదనాలి, లేదా కాదన్నట్టే ప్రవర్తించాలి. ఆ తర్వాతే కోర్టు. 1970ల్లో సరస్వతీ ఇండస్ట్రియల్ సిండికేట్ కేసులో సుప్రీంకోర్టు ఈ సూత్రాన్ని గుర్తుచేసింది. ప్రతి పిటిషన్‌కూ ముందు ఒక వినతిపత్రం కనిపించడానికి కారణం ఇదే. న్యాయవాదులు ‘ముందు ఒక రిప్రజెంటేషన్ పెట్టి రండి’ అనేది కాలయాపనకు కాదు. ఆ కాగితం, అది చేరినట్టు రుజువు లేకపోతే కేసే నిలబడకపోవచ్చు.

ఎవరిమీద వేయవచ్చు? చట్టం ద్వారా ఏర్పడిన కేంద్ర, రాష్ట్ర యూనివర్సిటీలు రాజ్యాంగంలోని 12వ అధికరణ ప్రకారం ‘రాజ్యం’ పరిధిలోకి వస్తాయి. వాటి విషయంలో సందేహం లేదు. ప్రైవేటు సంస్థల విషయం కొంచెం చిక్కు. 1989లో గుజరాత్‌కు చెందిన ఒక ట్రస్టు కాలేజీ అధ్యాపకుల కేసులో, ప్రైవేటు సంస్థ అయినా ప్రజా విధి నిర్వహిస్తుంటే రిట్ చెల్లుతుందని సుప్రీంకోర్టు చెప్పింది. 2015లో చెన్నైకి చెందిన ఎస్‌ఆర్‌ఎం యూనివర్సిటీ కేసులో, డీమ్డ్ యూనివర్సిటీ కూడా 226 పరిధిలోనిదేనని తేల్చింది. అయితే 2022లో సెయింట్ మేరీస్ ఎడ్యుకేషన్ సొసైటీ కేసులో ఒక గీత గీసింది. ప్రైవేటు విద్యాసంస్థ ప్రజా విధి చేస్తున్నంత మాత్రాన దాని ఉద్యోగితో ఉన్న మామూలు సర్వీసు ఒప్పంద వివాదం రిట్‌కు అర్హం కాదని స్పష్టం చేసింది. ఆంధ్రప్రదేశ్ 2016లో, తెలంగాణ 2018లో తెచ్చిన ప్రైవేటు యూనివర్సిటీల చట్టాల కింద పుట్టిన సంస్థల్లో చదివే, పనిచేసే వారికి ఈ తేడా ముఖ్యం. అడ్మిషన్, పరీక్ష, డిగ్రీ వంటి వాటిలో ప్రజా విధి కోణం చూపడం సులువు. జీతం పెంపు వివాదంలో అది కష్టం.

‘పరిశీలించి తిరస్కరించడమైనది’

గడువు ఒక్కటే చాలదని పిటిషనర్లకు అనుభవం నేర్పింది. గడువు ఆఖరి రోజున ఒక ఉత్తరం వస్తుంది: ‘మీ వినతిని నిబంధనల మేరకు పరిశీలించడమైనది. అంగీకరించుటకు వీలుపడదు.’ ఏ నిబంధన? ఎవరు పరిశీలించారు? ఎందుకు వీలుపడదు? ఏమీ ఉండదు. అందుకే ప్రార్థనలో ‘స్పీకింగ్ ఆర్డర్’ అన్న మాట చేరింది. తన కారణాలను తానే చెప్పే ఉత్తర్వు అని దాని అర్థం.

స్పీకింగ్ ఆర్డర్ అంటే పేజీలకు పేజీలు ఉండాలని కాదు. దరఖాస్తుదారు ఏం అడిగారు, దానికి వర్తించే నిబంధన ఏది, రికార్డులో ఏముంది, వాటిని బట్టి ఈ నిర్ణయానికి ఎలా వచ్చారు అన్నది తెలిస్తే ఒక పేజీ చాలు. ఉదాహరణకు, ‘మూడో సెమిస్టర్‌లో హాజరు 61 శాతం. రెగ్యులేషన్ ప్రకారం కనీసం 75 శాతం ఉండాలి. వైద్య కారణాలపై 65 వరకు సడలించవచ్చు. మీరిచ్చిన మెడికల్ సర్టిఫికెట్ లెక్కలోకి తీసుకున్నా 65 కంటే తక్కువే ఉంది’ అని రాస్తే అది కారణం. విద్యార్థికి నచ్చకపోవచ్చు. కానీ హాజరు లెక్క తప్పని చూపే అవకాశం అతనికి దొరుకుతుంది. కొన్నిసార్లు లెక్క నిజంగానే తప్పుతుంది కూడా.

కారణాలు చెప్పాలన్న బాధ్యతను సుప్రీంకోర్టు దశాబ్దాలుగా కొంచెం కొంచెంగా పెంచుతూ వచ్చింది. 1976లో సీమెన్స్ ఇంజినీరింగ్ కేసు, 1990లో ఎస్.ఎన్. ముఖర్జీ కేసు దారి వేశాయి. 2010లో క్రాంతి అసోసియేట్స్ తీర్పు అప్పటిదాకా వచ్చిన సూత్రాలన్నింటినీ ఒకచోట కూర్చింది. పాలనాపరమైన నిర్ణయమైనా సరే, ఎవరికైనా నష్టం కలిగిస్తే కారణాలు నమోదు చేయాలని చెప్పింది. రబ్బరు స్టాంపు వంటి కారణాలు కారణాలే కావని కూడా చెప్పింది.

పిటిషనర్లకు అంతకంటే పదునైన ఆయుధం మాత్రం ఒక ఎన్నికల కేసు నుంచి వచ్చింది. 1977 లోక్‌సభ ఎన్నికల్లో పంజాబ్‌లోని ఫిరోజ్‌పూర్ నియోజకవర్గంలో పోలింగ్ రద్దుపై మొహీందర్ సింగ్ గిల్ వేసిన కేసులో, ఒక చట్టబద్ధ అధికారి ఇచ్చిన ఉత్తర్వును అందులో రాసిన కారణాలతోనే బేరీజు వేయాలని సుప్రీంకోర్టు చెప్పింది. తర్వాత కోర్టులో అఫిడవిట్ వేసి కొత్త కారణాలు అతికించడం కుదరదు. యూనివర్సిటీ కేసుల్లో దీని ప్రభావం సూటిగా ఉంటుంది. రెండు వాక్యాల్లో తిరస్కరించి, కేసు పడ్డాక స్టాండింగ్ కౌన్సిల్ చేత ఇరవై పేజీల కౌంటర్ రాయిస్తే, ఆ ఇరవై పేజీలూ పనికిరాకపోవచ్చు. కాబట్టి కారణాలు రాయడం విద్యార్థికి చేసే ఉపకారం మాత్రమే కాదు, యూనివర్సిటీకే రక్షణ. ఈ సంగతి చాలా రిజిస్ట్రార్ కార్యాలయాలకు కేసు ఓడిపోయాక గానీ తెలియదు.

కోర్టుకు వెళ్లకుండానే కారణాలు అడగడానికి మరో చట్టం ఉంది. సమాచార హక్కు చట్టం, 2005లోని సెక్షన్ 4(1)(డి) ప్రకారం, పాలనాపరమైన లేదా అర్ధన్యాయ నిర్ణయాలకు కారణాలను వాటివల్ల ప్రభావితులైన వారికి తెలపడం ప్రతి ప్రభుత్వ యంత్రాంగం బాధ్యత. దరఖాస్తు చేస్తే ఇవ్వాలని కాదు, తమంతట తాము ఇవ్వాలి. ఆర్టీఐ అంటే పది రూపాయల దరఖాస్తు అనుకునేవారికి ఈ ఉపవిభాగం పెద్దగా తెలియదు.

‘పరిశీలించండి’ అంటే ‘ఇవ్వండి’ అని కాదు

హైకోర్టు ఉత్తర్వు చేతికి రాగానే చాలామంది గెలిచామనుకుంటారు. స్వీట్లు పంచుకున్న వాళ్లూ ఉంటారు. కానీ ‘పరిశీలించండి’ అన్న మాటకు అసలు బరువు ఎంతో ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన ఒక కేసులోనే సుప్రీంకోర్టు వివరించింది. 2006లో ఏపీఎస్ ఆర్టీసీ సిబ్బంది కేసు అది. హైకోర్టు వివాదాన్ని లోతుగా పరిశీలించి, అధికారి నిర్ణయం ఎక్కడ తప్పో చెప్పి, ఆ వెలుగులో మళ్లీ పరిశీలించమంటే అధికారి చేతులు కొంతవరకు కట్టేసినట్టే. అలా కాకుండా, వివాదం జోలికే వెళ్లకుండా ‘పరిశీలించండి’ అని మాత్రమే అంటే, అధికారి పూర్తి స్వేచ్ఛతో నిర్ణయం తీసుకోవచ్చు. తిరస్కరించవచ్చు కూడా. కొందరు పిటిషనర్లు, వారికి అనుకూలమైన అధికారులు కలిసి ఈ ఆదేశాన్ని అడ్డం పెట్టుకుని అర్హత లేని ప్రయోజనాలు పొందుతున్నారని కూడా సుప్రీంకోర్టు ఆ తీర్పులో హెచ్చరించింది.

రెండేళ్ల తర్వాత తమిళనాడుకు చెందిన ఒక కేసులో ఆ హెచ్చరిక మరింత గట్టిగా వినిపించింది. 1982లో ఉద్యోగం పోయిన వ్యక్తి 2000లో వినతిపత్రం పెట్టారు. దాన్ని పరిశీలించమని ట్రిబ్యునల్ ఆదేశించింది. అధికారులు తిరస్కరించారు. ఆ తిరస్కరణ మీద కొత్త కేసు పుట్టింది. పద్దెనిమిదేళ్ల కిందట చచ్చిపోయిన వివాదానికి ఒక వినతిపత్రంతో ప్రాణం పోయడం కుదరదని 2008లో సుప్రీంకోర్టు తేల్చింది. ‘పరిశీలించమనడమే కదా, పోయేదేముంది’ అన్న ఉదారత వల్ల ఇలాంటి చిక్కులు వస్తాయని, ఆదేశించే ముందు అసలు ఆ హక్కు బతికి ఉందా అన్నది చూడాలని కోర్టులకు సూచించింది.

అయితే ఈ రెండు తీర్పులూ ఉద్యోగ వివాదాల్లో వచ్చినవని మర్చిపోకూడదు. ఇరవై ఏళ్లు ఊరుకున్న ఉద్యోగి పరిస్థితి వేరు, మూడు నెలల్లో కౌన్సెలింగ్ ముగిసిపోయే విద్యార్థి పరిస్థితి వేరు. విద్యార్థి విషయంలో ఆలస్యం సాధారణంగా పిటిషనర్ వైపు నుంచి కాదు, కౌంటర్ అవతలి వైపు నుంచి జరుగుతుంది.

గడువులు ఇప్పటికే ఉన్నాయి

చాలా పిటిషన్లలో హైకోర్టు గడువు పెట్టాల్సిన అవసరమే ఉండకూడదు, ఎందుకంటే యూజీసీ నిబంధనల్లోనే గడువులు ఉన్నాయి. పీహెచ్‌డీపై 2022 నవంబరులో నోటిఫై చేసిన రెగ్యులేషన్ల ప్రకారం, థీసిస్ సమర్పించిన తేదీ నుంచి ఆరు నెలల్లో మూల్యాంకనం మొత్తం పూర్తయ్యేలా సంస్థ ఏర్పాటు చేసుకోవాలి. 2016 నాటి రెగ్యులేషన్లలోనూ ఇదే ఉంది. డిగ్రీల ప్రదానంపై 2008 రెగ్యులేషన్లు, విద్యార్థులు అర్హత పొందాల్సిన తేదీ నుంచి 180 రోజుల్లో డిగ్రీ ఇవ్వాలంటాయి. స్నాతకోత్సవానికి ముఖ్య అతిథి దొరకలేదన్నది ఈ 180 రోజులకు మినహాయింపు కాదు.

ఫిర్యాదుల కోసం ప్రత్యేకంగా 2023 ఏప్రిల్‌లో మరో రెగ్యులేషన్ వచ్చింది. ప్రతి సంస్థలో విద్యార్థి ఫిర్యాదుల పరిష్కార కమిటీ ఉండాలి. అది 15 పనిదినాల్లో సిఫార్సులతో నివేదిక ఇవ్వాలి. దానితో సంతృప్తి చెందకపోతే అంబుడ్స్‌పర్సన్‌కు అప్పీలు చేయవచ్చు. రిటైరైన వైస్ చాన్స్‌లర్, రిటైరైన ప్రొఫెసర్ లేదా మాజీ జిల్లా జడ్జి ఆ స్థానంలో ఉంటారు. అప్పీలును 30 రోజుల్లో పరిష్కరించాలి. ఫలితాల ప్రకటనలో జాప్యం, సర్టిఫికెట్లు ఆపేయడం, ఫీజు వాపసు ఇవ్వకపోవడం అన్నీ ఈ నిబంధనల్లో ఫిర్యాదు నిర్వచనం కిందకే వస్తాయి. జవాబు పత్రాల రీవాల్యుయేషన్ మాత్రం రాదు. నిర్దిష్టమైన అవకతవక జరిగి ఫలితాన్నే మార్చిందని చూపితే తప్ప అంబుడ్స్‌పర్సన్ అందులో తలదూర్చరు.

ఈ వ్యవస్థ ఉన్నందువల్ల హైకోర్టులో ఒక ప్రశ్న ఎదురవుతుంది: ‘అక్కడికి వెళ్లారా?’ ప్రత్యామ్నాయ మార్గం ఉంటే రిట్‌ను అనుమతించకపోవచ్చన్నది కోర్టులు తమకు తాము పెట్టుకున్న నియమం. అది పూర్తి నిషేధం కాదు. ప్రాథమిక హక్కు, సహజ న్యాయ సూత్రాల ఉల్లంఘన, అసలు అధికారమే లేకుండా చేసిన చర్య వంటి సందర్భాల్లో నేరుగా రావచ్చని 1998లో వర్ల్‌పూల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కమిటీకి రాసి, 15 పనిదినాలు గడిచినా జవాబు రాలేదని చూపిన విద్యార్థి పరిస్థితి, నేరుగా కోర్టు మెట్లెక్కిన విద్యార్థి కంటే మెరుగ్గా ఉంటుంది.

తెలుగు రాష్ట్రాల్లో సర్టిఫికెట్ల కేసులకు ఒక స్థానిక కారణం కూడా ఉంది. ప్రభుత్వం నుంచి ఫీజు రీయింబర్స్‌మెంట్ బకాయిలు రాలేదని ప్రైవేటు కాలేజీలు విద్యార్థుల ఒరిజినల్ సర్టిఫికెట్లు ఆపుతుంటాయి. బాకీ ఉన్నది ప్రభుత్వం, పట్టుబడేది విద్యార్థి. ఒరిజినల్స్ తమ దగ్గర పెట్టుకోకూడదని యూజీసీ 2018లోనే స్పష్టం చేసింది. అయినా పై చదువుకు చేరే ముందు టీసీ కోసం హైకోర్టుకు వెళ్లాల్సి వస్తోంది.

జవాబు ఎందుకు రాదు?

ప్రతి జాప్యం వెనుకా దురుద్దేశం ఉండదు. ఫైలు సెక్షన్ సూపరింటెండెంట్, అసిస్టెంట్ రిజిస్ట్రార్, డిప్యూటీ రిజిస్ట్రార్, కంట్రోలర్, రిజిస్ట్రార్, వైస్ చాన్స్‌లర్ వరకు ఎక్కి, మళ్లీ దిగాలి. కొన్ని విషయాలు పాలక మండలికి వెళ్లాలి. అది ఎప్పుడు సమావేశమైతే అప్పుడే. పైన మనిషే లేకపోతే అదీ ఆగుతుంది. 2024 మే నెలలో తెలంగాణలో పది రాష్ట్ర యూనివర్సిటీల వీసీల పదవీకాలం ఒకేసారి ముగిసింది. కొత్తవారు వచ్చేదాకా ఐఏఎస్ అధికారులే ఇన్‌చార్జులు. ఇతర శాఖల బాధ్యతలతో పాటు యూనివర్సిటీని చూసే ఇన్‌చార్జి, రేపు ఆడిట్‌లో ప్రశ్నించే అవకాశమున్న ఫైలుపై సంతకం ఎందుకు పెడతారు?

ఇంకో కారణం గురించి అధికారులు బయటకు మాట్లాడరు. ఒకరికి మినహాయింపు ఇస్తే వందమంది వస్తారన్న భయం. అందుకే ‘కోర్టు ఆర్డర్ తెచ్చుకోండి, చేసేస్తాం’ అని విద్యార్థికి మర్యాదగానే చెబుతారు. కోర్టు ఉత్తర్వు ఉంటే ఆడిట్ అడగదు, పై అధికారి అడగరు. యూనివర్సిటీ తన చట్టం ప్రకారం తాను తీసుకోవాల్సిన నిర్ణయాన్ని ఇలా హైకోర్టు భుజాల మీదకు నెట్టేస్తుంది. లాయర్ ఫీజు మాత్రం స్కాలర్‌షిప్ మీద బతికే విద్యార్థి కట్టుకోవాలి.

కోర్టులు ఆగే చోటు

నిర్ణయం తీసుకోమని చెప్పడం వేరు, ఏ నిర్ణయం తీసుకోవాలో చెప్పడం వేరు. మైసూరు యూనివర్సిటీలో ఒక ఇంగ్లిష్ రీడర్ నియామకంపై వచ్చిన కేసులో, నిపుణుల కమిటీ విద్యా విషయాల్లో ఇచ్చిన అభిప్రాయంలో కోర్టులు తొందరపడి జోక్యం చేసుకోరాదని సుప్రీంకోర్టు 1960ల్లోనే అంది. 1984లో మహారాష్ట్ర బోర్డు కేసులో, నిబంధనలు అనుమతించకపోతే రీవాల్యుయేషన్ హక్కు లేదని చెప్పింది. 2011లో సీబీఎస్ఈ కేసులో మాత్రం, సమాచార హక్కు కింద తన జవాబు పత్రాన్ని చూసుకునే హక్కు విద్యార్థికి ఉందని తేల్చింది. మార్కులు మార్చమని అడగలేకపోవచ్చు, కానీ దాచిపెట్టడానికి వీల్లేదు.

వినే అవకాశం ఇవ్వాలా అన్నదానిపైనా రెండు ధోరణులు కనిపిస్తాయి. 1962లో ఉత్తర్‌ప్రదేశ్ బోర్డు కొందరు విద్యార్థుల ఫలితాలను కాపీ ఆరోపణపై రద్దు చేస్తే, వారి వాదన వినకుండా చేయడం తప్పని సుప్రీంకోర్టు అంది. 1970లో బిహార్‌లో ఒక పరీక్షా కేంద్రంలో మూకుమ్మడి కాపీయింగ్ జరిగిందని పరీక్ష మొత్తాన్ని రద్దు చేస్తే, ఒక్కొక్కరినీ పిలిచి వినాల్సిన అవసరం లేదంది. తేడా స్పష్టమే. మొదటిది ఒక వ్యక్తిపై నింద, రెండోది ఒక పరీక్షపై.

మధ్యంతర ఉత్తర్వులతో పరీక్ష రాయనివ్వడం, తాత్కాలికంగా చేర్చుకోమనడం వంటివాటిపైనా సుప్రీంకోర్టు అసంతృప్తి కొత్తది కాదు. గురునానక్ దేవ్ యూనివర్సిటీ కేసులో 1993లో ఇలాంటి సానుభూతి విద్యా ప్రమాణాలను దెబ్బతీస్తుందని మందలించింది. కానీ కాలం ఆగదు కదా. తుది తీర్పు వచ్చేసరికి కోర్సే అయిపోతే? ఈ ప్రశ్న ఆంధ్రప్రదేశ్‌కు చెందిన ఒక ఎంబీబీఎస్ సీటు కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ముందుకు వచ్చింది. విద్యార్థిని తప్పేమీ లేకుండా, అధికారుల తప్పు వల్ల సీటు పోయి, ఆమె వెంటనే కోర్టుకు వచ్చి ఉంటే, అరుదైన సందర్భాల్లో గడువు దాటిన నెలలోపు లేదా మరుసటి ఏడాది సీటు ఇవ్వవచ్చని, నష్టపరిహారం ఒక్కటే పరిష్కారం కాదని 2019 డిసెంబరులో ధర్మాసనం చెప్పింది.

2024 సెప్టెంబరు 30న వచ్చిన మరో ఉత్తర్వును దేశమంతా చూసింది. ఉత్తర్‌ప్రదేశ్‌లోని ముజఫర్‌నగర్‌కు చెందిన దళిత కుటుంబంలోని కుర్రాడికి ధన్‌బాద్ ఐఐటీలో సీటు వచ్చింది. 17,500 రూపాయల ఫీజు గడువులోగా కట్టలేకపోవడంతో సీటు పోయింది. ఎస్సీ కమిషన్, జార్ఖండ్ న్యాయసేవల సంస్థ, మద్రాసు హైకోర్టు తిరిగి చివరకు సుప్రీంకోర్టుకు చేరాడు. 142వ అధికరణ కింద ఉన్న విశేషాధికారాన్ని వాడి, అదనపు సీటు సృష్టించి చేర్చుకోమని కోర్టు ఆదేశించింది. సంతోషించాల్సిన ఫలితమే. కానీ 142 సుప్రీంకోర్టు దగ్గర మాత్రమే ఉంది. జిల్లా కేంద్రంలోని యూనివర్సిటీలో ఇరుక్కున్న విద్యార్థి ఢిల్లీ దాకా వెళ్లలేడు.

సరిహద్దు అవతల

బ్రిటిష్ పాలనలో 1897లో వచ్చిన జనరల్ క్లాజెస్ చట్టం భారత్, పాకిస్తాన్ రెండింటికీ ఉమ్మడి వారసత్వం. పాకిస్తాన్ 1997లో దానికి 24-ఎ అనే సెక్షన్ చేర్చింది. చట్టం ఇచ్చిన అధికారాన్ని సహేతుకంగా, న్యాయంగా వాడాలని, ఉత్తర్వుకు అవసరమైన మేరకు కారణాలు చెప్పి దాని ప్రతిని సంబంధిత వ్యక్తికి ఇవ్వాలని అది నిర్దేశిస్తుంది. అక్కడి హైకోర్టులు 199వ అధికరణ కింద యూనివర్సిటీలను ‘స్పీకింగ్ ఆర్డర్’ ఇవ్వమని ఆదేశించేటప్పుడు ఈ సెక్షన్‌ను ప్రస్తావిస్తాయి. మన చట్టంలో అలాంటి సెక్షన్ లేదు. ఇక్కడ ఆ బాధ్యత ప్రధానంగా తీర్పుల నుంచి, 14వ అధికరణ నుంచి వచ్చింది. చట్టంలో ఒక్క వాక్యం ఉంటే సెక్షన్ సూపరింటెండెంట్ కూడా చదివేవాడు. తీర్పులు చదవమంటే ఎవరు చదువుతారు?

గడువు దాటితే

నాలుగు వారాలు గడిచినా ఉత్తర్వు రాకపోతే తర్వాతి మెట్టు కోర్టు ధిక్కరణ కేసు. 1971 నాటి ధిక్కరణ చట్టంలోని సెక్షన్ 20 ప్రకారం ఏడాదిలోగా వేయాలి. ధిక్కరణ నోటీసు వెళ్లాక ఫైలు వేగం చూడాలి. నెలల తరబడి కదలనిది రెండు రోజుల్లో వైస్ చాన్స్‌లర్ సంతకానికి చేరుతుంది, ఎందుకంటే ఇప్పుడు నోటీసు ఒక అధికారి పేరు మీద ఉంది.

అయితే ఇక్కడా ఒక మలుపు. వచ్చిన ఉత్తర్వు తిరస్కరణ అయినా, దానిలో కారణాలు తప్పుగా ఉన్నా, ‘నిర్ణయం తీసుకోండి’ అన్న ఆదేశం అమలైనట్టే. ఆ నిర్ణయం సరైనదా కాదా అన్నది ధిక్కరణ కేసులో తేల్చరు. అది కొత్త వివాదం, దానికి కొత్త పిటిషన్ వేసుకోవాలని 1996లో సుప్రీంకోర్టు ఒక సీనియారిటీ జాబితా కేసులో చెప్పింది. అంటే మొదటి రిట్, ధిక్కరణ, రెండో రిట్. మూడు వకాలత్‌నామాలు, మూడు ఫీజులు. అందుకే అనుభవమున్న న్యాయవాదులు మొదటి పిటిషన్‌లోనే జాగ్రత్తపడతారు. ఏ నిబంధన కింద హక్కు ఉందో రాస్తారు. తమ క్లయింట్‌ను పిలిచి వినమని, కారణాలు రాయమని, ఆ ఉత్తర్వును ఫలానా తేదీలోపు అందజేయమని విడివిడిగా అడుగుతారు. అదే పరిస్థితిలో మరొకరికి మంజూరు చేసిన ఉత్తర్వు ప్రతి ఉంటే జత చేస్తారు. హక్కు నిబంధనలోనే తేటతెల్లంగా ఉంటే, పరిశీలించమని కాకుండా నేరుగా ఇవ్వమనే ఆదేశం కోరతారు.

ఇన్ని చేసినా కాలం జారిపోయే చోటు ఒకటుంది. ఉత్తర్వులో సాధారణంగా రాసేది ‘ఈ ఉత్తర్వు ప్రతి అందిన తేదీ నుంచి నాలుగు వారాలు’ అని. తీర్పు చెప్పిన రోజు నుంచి కాదు. ప్రతి కోసం దరఖాస్తు చేసి, తీసుకుని, దాన్ని కవరింగ్ లెటర్‌తో రిజిస్ట్రార్ ఆఫీసులో ఇచ్చి, ఇన్‌వార్డ్ నంబరు వేయించుకున్న రోజున ఆ నాలుగు వారాల్లో మొదటి రోజు మొదలవుతుంది. గెలిచామనుకుని ఇంటికెళ్లి, యూనివర్సిటీ నుంచి ఫోన్ వస్తుందని ఎదురుచూసేవారికి ఆ మొదటి రోజు ఇంకా మొదలే కాలేదు.